పూసుకున్నవాళ్లను పురుగులు ముట్టవు

ఆ పురుగును మొదటిసారి చూసినప్పుడు నేను అన్నం తింటున్నాను. ఎదుటివాళ్లు తింటున్నారా లేదా అన్నది అక్క ఎన్నడూ చూడదు. పప్పు కలిపిన ముద్ద నా చేతిలో ఉండగానే, మంచం మీది నుంచి చెయ్యి చాచి ఫోనును నా పళ్లెం మీదికి పట్టింది.

"చూడు చెల్లె, ఎట్ల పాకుతున్నదో. దీనికి కండ్లు లేవట. వాసనతోనే పట్టుకుంటదట."

కుక్కంత పొడవు. కళ్లుండవలసిన చోట ముడతలు పడిన చర్మం. తల చివర తడిగా తెరుచుకుంటూ మూసుకుంటూ ఉన్న ఒక గుండ్రని రంధ్రం. ఒళ్లంతా పాత చీము రంగు. అది పాకిన చోటల్లా నేల మీద మెరిసే చార ఒకటి మిగులుతోంది. అన్నిటికన్నా రోతగా ఉన్నది దాని చప్పుడు: నానిన గుడ్డను ఎవరో నోట్లో పెట్టుకుని నములుతున్నట్టు. నేను పళ్లెం పక్కకు జరిపాను. ఒక ఫోను ఆట కోసం ఒక మనిషి జీతం తీసుకుని, కూర్చుని ఆలోచించి, ఆ చప్పుడును తయారు చేశాడన్న సంగతి పురుగుకన్నా ఎక్కువగా నాకు వెగటు పుట్టించింది.

నేను వనపర్తిలో నీటి పరీక్షలు చేసే ప్రయోగశాలలో పనిచేస్తాను. ఊళ్ల నుంచి వచ్చే సీసాల్లో ఫ్లోరైడ్ ఎంత ఉందో, లవణాలు ఎన్ని ఉన్నాయో చూడటం నా పని. "మా బోరు నీళ్లు తియ్యగ ఉంటయి మేడం, పరీక్ష ఎందుకు?" అనేవాళ్లను ఏళ్ల తరబడి విని, ఎవరు ఏది చెప్పినా "నీకెలా తెలుసు?" అని అడగటం అలవాటైపోయింది. బంధువులు నన్ను పెళ్లిళ్లకు పిలవడం తగ్గించడానికి ఈ అలవాటే కారణమని అక్క అంటుంది. అందుకు తన దగ్గర ఆధారమేమీ లేదు.

అక్కది మల్దకల్ దగ్గర ఒక పల్లె. వేరుశనగ వేస్తుంది. ఆ వానాకాలం పొలం గట్టు మీద జారిపడి తొడ ఎముక విరగ్గొట్టుకుంది. గద్వాలలో ఆపరేషన్ చేసి లోపల కడ్డీ వేశారు. మెట్లు లేని ఇల్లు నాదే కాబట్టి, నడక వచ్చేదాకా నా దగ్గర ఉండటానికి ఒప్పుకుంది. అలా ఒంటరిగా ఉండే నా ఇంట్లోకి అక్క, అక్క చేతికర్ర, ఆ ఆట వచ్చి చేరాయి.

ఆటను ఫోనులో పెట్టి ఇచ్చింది అక్క కూతురు. ఆ అమ్మాయి నాగర్‌కర్నూల్‌లో ఒక దవాఖానలో నర్సు. పని అత్యవసర విభాగంలో. అక్కడ ప్రాణం పోయిన మనిషికి గొట్టాలు తీసి, ఒళ్లు తుడిచి, గుడ్డ చుట్టి బంధువులకు అప్పగించేది కూడా నర్సులే. ఈ సంగతి తెలియనంత కాలం అక్క తన కూతురి ఉద్యోగం గురించి ఊరంతా గొప్పగా చెప్పుకుంది. తెలిసిన నాటి నుంచి వాకిట్లో ఒక నియమం మొదలైంది. శవాన్ని ముట్టినవాళ్లు తల మీద నుంచి నీళ్లు పోసుకోకుండా గడప దాటకూడదన్నది మా ఇంట్లో నాయనమ్మ నాటి నుంచి ఉన్న ఆచారమే. ఎప్పుడో ఒకసారి, ఎవరో పోయినప్పుడు అవసరపడేది. ఇప్పుడది కూతురు బస్సు దిగి వచ్చినప్పుడల్లా అమలైంది. కొత్త బట్టల్లో ఉన్నా, జ్వరంతో ఉన్నా, పిల్లను వాకిట్లోనే నిలబెట్టి నెత్తి మీద నుంచి నీళ్లు కుమ్మరించేది.

"డ్యూటీ దిగంగనే సబ్బు పెట్టి కడుక్కుంటనే అమ్మా. హాస్టల్ల స్నానం చేసే బస్సెక్కిన" అని ఆ అమ్మాయి మొత్తుకునేది.

"అది నీ స్నానం. ఇది ఇంటి స్నానం" అనేది అక్క.

నేను కల్పించుకున్నాను. సబ్బు ఏం చేస్తుందో, ఒట్టి నీళ్లు ఏం చేయలేవో, దవాఖానల్లో చేతులు కడిగే పద్ధతి ఎంత కచ్చితంగా ఉంటుందో వివరించాను. "నీ సైన్సు నీ సీసాలల్ల పెట్టి మూత వెయ్యి" అంది అక్క. ఒక చలికాలం పొద్దున, పక్కింటివాళ్లు చూస్తుండగా, నీళ్లు మీద పడకముందే ఆ అమ్మాయి వెనక్కి తిరిగి బస్సు కోసం నడిచిపోయింది. ఆ తరువాత ఆ ఇంటికి రాలేదు. ఫోన్లో కూడా "తిన్నవా?", "తిన్న" తప్ప ఇద్దరి మధ్య మాటల్లేకుండా పోయాయి.

ఆపరేషన్ అప్పుడు గద్వాలకు మాత్రం వచ్చింది. మందులు, ఎక్స్‌రేలు, డాక్టరుతో మాటలు అన్నీ తానే చూసుకుంది. ఆ పనులు అయిపోయాక తల్లి మంచం పక్కన ఏం మాట్లాడాలో తోచక, ఫోను అందుకుని ఈ ఆట ఎక్కించింది. "పండుకొని పండుకొని పరేషాన్ అయితవ్. ఇది ఆడు. నేను గూడ అండ్ల ఉంట" అని చెప్పి నాగర్‌కర్నూల్ వెళ్లిపోయింది.

ఆట సంగతి ఇంతే: మనుషులు లేని ఒక దీవి. అందులో ఇద్దరూ కలిసి కట్టెలు కొట్టుకుని ఇల్లు కట్టుకోవాలి, తిండి వెతుక్కోవాలి, ఆ పురుగుల నోట పడకుండా బతకాలి. ఒకరి మాట ఒకరికి ఫోనులోనే వినిపిస్తుంది. చెవుల్లో ఏదైనా పెట్టుకోవడం అక్కకు గిట్టదు కాబట్టి అమ్మాయి గొంతు గదంతా వినిపించేది. "అమ్మా, ఆ దుంగ ఇటు దిక్కు పట్టు." "పట్టిన. నువ్వు సక్కగ నిలవెట్టు." "గోడ గింత ఎత్తు ఎందుకే అమ్మా?" "ఖిల్లా ఘణపూర్ల కోట గోడ లేదా గట్ల? ఉండనీ." ఆ చలికాలపు పొద్దుటి తరువాత ఆ ఇద్దరూ రెండు మాటలకు మించి మాట్లాడుకున్నది ఈ రోత పుట్టించే దీవిలోనే.

చిక్కల్లా పురుగులతో వచ్చింది. వాళ్లు ఆడే పద్ధతిలో, పురుగు కరిచిన ప్రతిసారీ తెర పైన ఉండే ప్రాణపు గీత కొంత శాశ్వతంగా కురచనైపోతుంది. గీత పూర్తిగా పోతే ఆ మనిషికి మళ్లీ పుట్టుక లేదు. కట్టిన ఇల్లు, దీవి ఇద్దరికీ మూసుకుపోతాయి. అక్కను అవి దాదాపు రోజూ కరిచేవి. నా ఇంటికి వచ్చిన కొన్నాళ్లకే ఆమె గీత గోరంత మిగిలింది.

"ఇది పోతే మళ్ల మొదటి నుంచి కట్టేటంత టైము నాకు లేదమ్మా. డ్యూటీలు మారుతున్నయి. జర పైలం" అంది అమ్మాయి ఆ సాయంత్రం.

ఆట ఆపేశాక అక్క ఫోనును ఛాతీ మీద బోర్లించుకుని పైకప్పును చూస్తూ పడుకుంది. చాలాసేపటికి, "ఇది పోతే అదింక రాదు" అంది. ఆమె చెప్పేది దీవి గురించి కాదని గ్రహించడానికి నాకు ఏ పరీక్షా అవసరం కాలేదు.

అందుకే, ఎంత వెగటుగా ఉన్నా, పురుగుల సంగతి తేల్చాలని కూర్చున్నాను.

ముందు వీడియోలు చూశాను. ఆ ఆట నిపుణులమని చెప్పుకునేవాళ్ల మాటలు విన్నాక పురుగులే కాస్త మర్యాదగా కనిపించాయి. ఒకడు నిప్పు పెడితే రావంటాడు. ఇంకొకడు కదలకుండా నిలబడితే చాలంటాడు. మరొకడు మోకాలి లోతు నీళ్లలో నిలబడమంటాడు. ప్రతివాడూ "నూటికి నూరు పాళ్లు" అని అరుస్తాడు. ఏం చేసి చూశాడో, ఎన్నిటిని సరిపోల్చాడో ఒక్కడూ చెప్పడు. చెప్పకపోగా, పురుగు నోరు తెరిచిన క్షణాన్ని ఆపి, పెద్దది చేసి, నవ్వుతూ చూపిస్తాడు.

అక్కకు తన సొంత ఉపాయం ఒకటి ఉంది. ఇంటి చుట్టూ కర్రలు పాతి రంగు గుడ్డలు కట్టింది.

"అడవిపందులకు చేను సుట్టూ చీరలు కడ్తం గదా, గట్లనే" అంది.

"కళ్లు లేని పురుగుకు రంగు గుడ్డ కడితే ఏం లాభం అక్కా?"

"పందులకు కండ్లున్నయి. అవి మాత్రం భయపడ్డయా? అయినా కడ్తం."

వాదన మానేసి, నా ఫోనులో విడిగా ఒక దీవి తెరుచుకుని, అక్కడ నా మనిషిని చావనిస్తూ ఒక్కొక్క మాటనూ పరీక్షించాను. మిగతావన్నీ అలాగే ఉంచి ఒక్కొక్కసారి ఒక్కటే మార్చాను. నిప్పు పెట్టాను, వచ్చాయి. కదలకుండా నిలబడ్డాను, తీరిగ్గా వచ్చాయి. నీళ్లలో నిలబడ్డాను, ఈదుకుంటూ వచ్చాయి. చచ్చిన ప్రతిసారీ ఆ గుండ్రని నోరు తెరనంతా కప్పేది. లోపల వరుసలు వరుసలుగా చిన్న పళ్లు, వాటి సందుల్లో కదులుతున్న ఇంకేవో. రెండు రోజులు నాకు నూడుల్స్ సయించలేదు.

చివరికి నిలిచింది ఒక్కటే మాట. చచ్చిన పురుగు పొట్ట చీల్చి, లోపలి కొవ్వును, జిగురును చేతులతో తీసి ఒంటికి పూసుకోవాలి. బొటనవేలితో తెరను గుండ్రంగా రుద్దుతుంటే చేతులకు, మెడకు, ముఖానికి అది పట్టుకుంటుంది. రుద్దిన కొద్దీ ఫోను అరచేతిలో సన్నగా వణుకుతుంది. నా వేళ్లకు ఏమీ అంటలేదని తెలిసి కూడా లేచి వెళ్లి చేతులు కడుక్కున్నాను. ఫలితం మాత్రం స్పష్టం. పూసుకున్న మనిషిని పురుగులు కాలి పక్కనుంచి రాసుకుంటూ దాటిపోయాయి. మళ్లీ మళ్లీ చేశాను, అదే ఫలితం. పూత తడిసిన మరుక్షణం మాత్రం అన్నీ ఒక్కసారి తలలు తిప్పాయి.

ఈ సంగతి అక్కకు చెప్పాను.

"నాకెర్క. బిడ్డ ఎప్పుడో చెప్పింది. నేను పూసుకుంటనే ఉన్న" అంది.

పూసుకుంటూనే ఉంది, అవి కరుస్తూనే ఉన్నాయి. నా ఫలితం తప్పన్నా కావాలి, అక్క మాట తప్పన్నా కావాలి. మరునాడు సాయంత్రం జొన్నరొట్టె తింటూ అక్క ఆడుతుంటే పక్కన కూర్చుని చూశాను. పల్లి చట్నీ అంటిన వేలితోనే తెరను రుద్దుతోంది. పురుగు ఏదో, చట్నీ ఏదో తెలియని ఆ దృశ్యం గురించి ఇంతకుమించి రాయను. చచ్చిన పురుగును చీల్చింది. దీపానికి కొవ్వు తీసుకుంది. చీర కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుని, "థూ, థూ" అంటూ పూసుకుంది. పురుగుల మధ్య నుంచి నిక్షేపంగా ఇంటిదాకా నడిచింది. ఇంటి తలుపు ముందు ఒక సన్నని కాలువ ఉంది. అందులోకి దిగి, తన బొమ్మను తల మునిగేలా ముంచింది. పైకి లేచి తలుపు గడియ తీస్తుండగా వెనకనుంచి ఒకటి వచ్చి పిక్క పట్టుకుంది. ప్రాణపు గీత దారంత మిగిలింది.

"అక్కా, ఇప్పుడేం చేశావు?"

"ఏం చేసిన? తలుపు తీసిన."

"అంతకు ముందు?"

"స్నానం చేసిన."

"ఎందుకు?"

అక్క నన్ను పిచ్చిదాన్ని చూసినట్టు చూసింది. "ఎందుకేంది? పీనుగను చీల్చి, దాని కొవ్వు ఒంటికి రాసుకొని, అట్లనే ఇంట్లకు పోతరా ఎవరన్న?"

కాలువ ఆమె తవ్విందే. పురుగులు దాటకుండా అని కూతురికి చెప్పింది. ఆ అమ్మాయి నమ్మింది. ఇంట్లోకి వచ్చిన ప్రతిసారీ ఆ నీళ్లలో దిగి తడిసి, తానూ కాట్లు తింటోంది. తలుపు ముందు స్నానానికి కాలువ తవ్వుకున్న మనిషి గురించి ఆ వీడియోల వాళ్లలో ఒక్కడూ చెప్పకపోవడంలో వింతేమీ లేదు. మా వాకిలి తెలియనివాళ్లకు ఆ తప్పు ఊహకు కూడా అందదు.

"కాలువ పూడ్చెయ్యి" అన్నాను.

"పూడ్చ."

"అది ఫోను అక్కా. అక్కడ అంటూ లేదు, ముట్టూ లేదు."

"ఇల్లు ఇల్లే. ఫోన్ల ఉంటే మాత్రం?" కొంచెం ఆగి, నా బలహీనత ఎక్కడుందో తెలిసినదానిలా అడిగింది. "కడుక్కునుడు తప్పని మీ సైన్సుల ఉన్నదా?"

లేదని ఒప్పుకోవలసి వచ్చింది. కడుక్కోవడం మంచిదే. అయితే ఎప్పుడు, దేనితో, దేన్ని వదిలించడానికి అన్నవి వేరు ప్రశ్నలని, వాటికి తన కూతురు దవాఖానలో రోజూ సరైన జవాబే చెబుతోందని అన్నాను. అక్క రొట్టె ముక్కను పళ్లెంలో అటూ ఇటూ తిప్పింది.

"కాల్వ సంగతి దానికి చెప్పకు. ఫోన్లగూడ నన్ను వాకిట్ల నిలవెట్టినవ్ అంటది" అంది.

చెప్పే పని నాకు పడలేదు. ఆ మరుసటి సాయంత్రమే, కాట్లకు కురచైపోయిన తల్లి గీతను కూడా తిరిగి కాస్త పెంచే అరుదైన వేరు ఏదో దీవి అవతల దొరుకుతుందని విని అమ్మాయి తెచ్చేందుకు పోయింది. తిరిగి వచ్చేసరికి ఇంటి ముందు నేల కనిపించడం లేదు. ముందునాటి కాటు నెత్తురు వాసనకు ఎక్కడెక్కడి పురుగులూ చేరాయి. ఒకదాని మీద ఒకటి ఎక్కి, జారి, పొర్లుతున్నాయి. ఆ నమిలే చప్పుడు గదంతా నిండింది. వాటి మధ్య అమ్మాయి బొమ్మ తల నుంచి కాలి దాకా పసుపుపచ్చని జిగురుతో, చర్మం ఒలిచినట్టు మెరుస్తూ నిలబడి ఉంది.

"అమ్మా, కాల్వ దాటుతున్న. తలుపు తియ్యి."

"ఆగు! దాటకు!" అక్క మంచం మీద సగం లేచింది.

"ఎందుకే?"

అక్క నా వంక చూసింది. నేను చూపు తిప్పుకున్నాను.

"నీళ్లల్ల దిగితే పూత పోతది" అంది.

"మరి పురుగుల కోసమని నువ్వే తవ్వితివి గద?"

"పురుగుల కోసం కాదు."

కాలువ అంచున అమ్మాయి బొమ్మ ఆగిపోయింది. అమ్మాయి గొంతులో కోపం లేదు. ఉంటే బాగుండేది.

"ఈడగూడనా అమ్మా?"

అక్క బొటనవేలు తెర మీది తలుపు గడియ వైపు జరిగింది.

"సరే తియ్" అంది అమ్మాయి, రోగులతో మాట్లాడే స్థిరమైన గొంతుతో. "నువ్వు తలుపు తియ్యకు. తీస్తే అవి లోపలికొస్తయి, నీ పానం పోతది. నేను బయటనే ఉంట. నాకు అలవాటే."

ఆ చివరి మాటకు అక్క ముఖం ముడుచుకుపోయింది. ఫోనును రెండు చేతుల్లోకి తీసుకుంది.

"చెల్లె, కాల్వ మీద పలకలేస్తే తడవకుండ రావచ్చునా?"

"రావచ్చు. అయితే వేయడానికి నువ్వు బయటికి పోవాలి. పూసుకుని పోవాలి. తిరిగి వచ్చేటప్పుడు నువ్వు కూడా అలాగే లోపలికి రావాలి."

"అది నాకు తెల్వదా?"

దీవిలోని ఇంట్లో దీపం కోసం దాచిన కొవ్వు కుండ ఉంది. మూత తీసింది. లోపలిది కుండ అంచుకు తీగలు తీగలుగా సాగింది. అక్క ముఖం పక్కకు తిప్పుకుని, కొంగు ముక్కుకు నొక్కిపెట్టి, తెరను ఒక్క వేలితో రుద్దడం మొదలుపెట్టింది. "ఛీ... ఛీ... ఓయమ్మ... థూ." చేతులకు పూసింది. మెడకు పూసింది. నెత్తికి పూసేటప్పుడు కళ్లు గట్టిగా మూసుకుంది. నేనూ ముక్కు మూసుకున్నాను. గాజు తెరకు వాసన ఉండదని నాకు తెలుసు. ఆ తెలివి నా వేళ్లను ముక్కు మీద నుంచి తీయలేకపోయింది.

ఆ ఇంట్లోని మంచం విప్పి చెక్క పలకలు తీసింది. తలుపు తెరిచింది. తెరవగానే ఒక పురుగు తల గడప మీదికి సాగి, ఆమె బొమ్మ పాదాన్ని తడిమింది. ఆ రంధ్రం పాదం చుట్టూ తెరుచుకుంది, మూసుకుంది. గీత దారంతే ఉంది. పురుగు ఒక చార వదిలి పక్కకు పాకింది. అక్క పలకను కాలువ మీదికి తోసింది, రెండోదాన్ని దాని పక్కన పరిచింది.

"రా" అంది.

"ఇట్లనేనా?" అంది అమ్మాయి.

"ఇంకెట్ల? నడు జల్ది!"

అమ్మాయి బొమ్మ పలకల మీదుగా వచ్చింది. అడుగుకో ముద్ద జిగురు కింద పడుతోంది. గడప దాటింది, అక్క శుభ్రంగా పరుచుకున్న నేల మీద పసుపు అడుగులు పడ్డాయి. అక్క గడియ వేసింది. బయట నమిలే చప్పుడు కాసేపు గోడను రాసుకుంటూ తిరిగి, మెల్లగా దూరమైంది.

"తిన్నవా?" అంది అక్క.

"లే. డ్యూటీ దిగి ఇదే పట్టుకున్న." ఆగి, "ఆదివారం ఆఫ్ ఉన్నది. నిన్ను చూడనీకి చిన్నమ్మ ఇంటికొస్త" అంది అమ్మాయి.

"రా."

"వస్తే యాడ ఆపుతవ్?"

అక్క కొంగుతో మూతి తుడుచుకుంది.

"ఆపనీకి నేను లేవాలె గద. కర్ర పట్టుకొని నేను లేచి వచ్చేసరికి నువ్వు వంటింట్ల ఉంటవ్."

ఆ అమ్మాయి నవ్విందో, ముక్కు చీదిందో, ఫోనులోంచి వచ్చిన చప్పుడును బట్టి నేను నిర్ధారించలేకపోయాను. తెర మీద ఇద్దరూ కడుక్కోకుండానే గోడకానుకుని పక్కపక్కన కూర్చున్నారు. జిగురు ఒకరి భుజం నుంచి ఇంకొకరి భుజానికి తీగలు సాగుతోంది. అంతకన్నా రోత పుట్టించే దృశ్యం నేను ఇప్పటికీ చూడలేదు. అక్క మాత్రం సరిగా కనబడటం లేదన్నట్టు ఫోనును ఇంకా దగ్గరికి తీసుకుంది.